సవరణ: రూక్‌వుడ్ ముద్రలో 14 మంటలు
అమెరికాలోని సిన్సినాటి నగరపు రూక్‌వుడ్ పాటరీ అనే మట్టిపాత్రల కంపెనీ గురించి మొన్నటి పోస్టులో, పూలకూజా అడుగున ఉండే కంపెనీ ముద్రలో 14 మంటల బొమ్మలుంటే అది 1900లో చేసిందేనని రాశాను. అది తప్పు, పొరపాటు నాదే.

ఆర్, పి అక్షరాలు వీపులు ఆనించుకున్నట్టుండే ఆ ముద్ర 1886లో మొదలైంది. ఆ తర్వాత ఏటా ఒక్కో చిన్న మంట చేర్చుతూ పోతే, 1900కి 14 అయ్యాయి. 1901 నుంచి మంటలు పెరగలేదు, వాటి కింద రోమన్ అంకె వేయడం మొదలుపెట్టారు. కలెక్టర్ల గైడ్లన్నింటిలోనూ ఇదే ఉంటుంది.

నేను ఫొటో పెట్టిన కూజాని మళ్లీ లైటు కింద తిప్పి చూశాను. మంటల కింద, గ్లేజులో (గాజులాంటి పైపూతలో) సగం పూడిపోయి, రోమన్ అంకెల్లో 21 కనిపించింది. అంటే అది 1921 నాటిది. కొనేవాళ్లకి ఈ ఇరవై ఏళ్ల తేడా చిన్నదేం కాదు. పాత పోస్టులో ఏడాది మార్చాను.