తీసివేతా, భాగహారమా? మోంటానా గోడు

నియోజకవర్గాల పునర్విభజన మాట ఎత్తితే చాలు, ఎవరో ఒకరు వచ్చి "జనాభాని బట్టి సీట్లు, ఇందులో రాజకీయం ఏముంది? లెక్క లెక్కే" అంటారు. అలాంటి వాళ్ళని కూర్చోబెట్టి మోంటానా కథ చెప్పాలనిపిస్తుంది నాకు.

అమెరికాలో కెనడా సరిహద్దుని ఆనుకున్న రాష్ట్రం. పడమర కొండలు, తూర్పున గోధుమ చేలు, పశువుల బీళ్ళు. ఆంధ్ర, తెలంగాణ రెండూ కలిపి అందులో పెట్టినా ఇంకా లక్ష చదరపు కిలోమీటర్ల చోటు మిగులుతుంది. అంత రాష్ట్రానికి 1993 నుంచి 2023 మొదలు దాకా ప్రతినిధుల సభలో (మన లోక్‌సభ లాంటిది) ఒకే ఒక్క సీటు. రాష్ట్రమంతా ఒకటే నియోజకవర్గం!

అంతకుముందు రెండు ఉండేవి. సభలో సీట్లు 435 దగ్గర బిగుసుకుపోయాయి కాబట్టి ఒకరికి పెరగాలంటే ఇంకొకరికి తగ్గాల్సిందే. 1990 జనగణన తర్వాత ఆ కత్తి మోంటానా మీద పడింది. వాళ్ళు ఊరుకోలేదు, కోర్టుకెక్కారు. అసలు మజా ఇక్కడే ఉంది. దేశం మొత్తం మీద ఒక సీటుకి సగటు జనాభా 5,72,466. మోంటానా జనాభా 8,03,655. ఒకే సీటిస్తే సగటు కంటే 2,31,000 ఎక్కువ. రెండిస్తే ఒక్కోదానికి 4,01,828, అంటే సగటు కంటే 1,70,000 తక్కువ. తీసివేత చేస్తే రెండు సీట్లే న్యాయం. అదే భాగహారం చేయండి: ఒక సీటయితే తేడా 1.40 రెట్లు, రెండయితే 1.42 రెట్లు. ఇప్పుడు ఒకటే న్యాయం! చట్టంలో ఉన్నది భాగహారం. 1992లో సుప్రీంకోర్టు ఏకగ్రీవంగా దాన్నే సమర్థించింది. లెక్క లెక్కేనట. ఏ లెక్క, స్వామీ?

2010 నాటికి ఆ ఒక్క సీటు కింద 9,89,000 మంది. పక్కనున్న వయోమింగ్‌లో 5,63,000 మందికీ ఒక సీటే. రోడ్ ఐలండ్‌లో పదిన్నర లక్షల మందికి రెండు.

అలాగని రాష్ట్రమంతా ఒకే నియోజకవర్గం కావడం ఎప్పుడూ చెడ్డే అనలేను. 1913లో మోంటానాకి రెండో సీటు వచ్చినప్పుడు హద్దులు గీయలేదు. రాష్ట్రం మొత్తం రెండు సీట్లకీ కలిపి ఓటేసేది, ఒక్కో ఓటరుకి రెండు ఓట్లు. 1961 చట్టంతో పోయిన మన ద్విసభ్య నియోజకవర్గాలు గుర్తున్నాయా? ఇంచుమించు అలాగే. 1916లో జీనెట్ రాంకిన్ ఆ పద్ధతిలోనే రెండో స్థానంలో నిలిచి గెలిచింది, అమెరికా కాంగ్రెస్‌లో అడుగుపెట్టిన మొదటి మహిళ అయింది. దేశమంతటా ఆడవాళ్ళకి ఓటు రావడానికి ఇంకా నాలుగేళ్ళుంది! మొదటి ఓటు తమ పార్టీవాడికి వేసేసి, రెండోది "సరే, ఈవిడకి" అనుకోవడానికి వీలున్న ఎన్నిక అది.

1917 ఏప్రిల్‌లో మొదటి ప్రపంచయుద్ధంలోకి దిగొద్దని సభలో ఓటేసిన యాభైమందిలో ఆవిడా ఉంది. 1918 ఎన్నికల నాటికి రాష్ట్రాన్ని తూర్పు, పడమర అని రెండుగా చీల్చారు. ఆవిడ ఊరు మిజూలా పడమటి ముక్కలో పడింది. ఆవిడ రిపబ్లికన్, అక్కడేమో డెమొక్రాట్లది పైచేయి. అందుకని రాష్ట్రమంతా ఓటేసే సెనేట్‌కి, అంటే ఎగువ సభకి, పోటీచేసి ఓడిపోయింది. యుద్ధానికి ఎదురు చెప్పినందుకే ఓడిందని రాసేస్తారు చాలామంది, ఆ గీత సంగతి మాత్రం ఎత్తరు. మళ్ళీ 1940లో గెలిచి, మరుసటి ఏడాది జపాన్‌పై యుద్ధం వద్దని సభలో ఒంటరిగా ఓటేసింది, అది వేరే కథ.

2020 జనగణనతో రెండో సీటు తిరిగొచ్చింది. మళ్ళీ గీత ఎక్కడ గీయాలన్న కొట్లాట. 2022లో ఎన్నిక జరిగింది. తూర్పున గెలిచింది అప్పటిదాకా రాష్ట్రమంతటికీ ప్రతినిధిగా ఉన్న రోజెండేల్. పడమర గెలిచింది, 2015లో అదే కుర్చీలో కూర్చుని రెండేళ్ళకి ట్రంప్ మంత్రివర్గంలోకి వెళ్ళిపోయిన జింకీ. ముప్పై ఏళ్ళు ఎదురుచూసి ఇంకో కుర్చీ తెచ్చుకున్నారు, అందులో కూర్చున్నది పాతాయనే.