ఇరాన్ చిత్రాల్లో ప్రేమ: ఎంచుకున్న దూరం, విధించిన దూరం

ఇరాన్ సినిమాల గురించి మన ఫిల్మ్ సొసైటీల్లో తరచుగా వినిపించే మెచ్చుకోలు ఒకటుంది. నాయికా నాయకులు ఒకరినొకరు తాకకుండానే అంత గాఢమైన ప్రేమను తెరమీదికి తేగలిగారంటే, అదంతా సెన్సార్ కట్టుబాట్ల పుణ్యమేనని అంటారు. ఈ మాటలో మెప్పు ఉంది గానీ న్యాయం లేదు. పర్షియన్ కళలో ప్రేమను చాటుగా, పరోక్షంగా చూపే పద్ధతి 1979 ఇస్లామిక్ విప్లవానికి కొన్ని శతాబ్దాల ముందే స్థిరపడింది. విప్లవం తర్వాత వచ్చిన నిబంధనలు ఆ పద్ధతిని పుట్టించలేదు. దాని పక్కనున్న మిగతా దారులను మూసేశాయి.

పన్నెండో శతాబ్దపు కవి నిజామీ చెప్పిన ఖుస్రో, షిరీన్‌ల కథలో ప్రేమ మొదలయ్యేదే ఒక బొమ్మతో. యువరాజు ఖుస్రోకు మిత్రుడైన చిత్రకారుడు షాపూర్, అతని రూపాన్ని గీసి షిరీన్ విహరించే చోట చెట్టుకు తగిలిస్తాడు. మనిషిని చూడకముందే ఆమె ఆ బొమ్మను ప్రేమిస్తుంది. తర్వాత దారిలో స్నానం చేస్తున్న షిరీన్‌ను ఖుస్రో చూస్తాడు, కాని ఆమె ఎవరో అతనికి తెలియదు. రాతప్రతుల్లో చిన్న చిన్న బొమ్మలు గీసే సూక్ష్మచిత్రకారులు తరతరాలుగా మళ్లీ మళ్లీ గీసిన ఘట్టాల్లో ఇదొకటి. 1539–43 మధ్య ఇరాన్ రాజు షా తహ్మాస్ప్ కోసం తయారై, ఇప్పుడు లండన్‌లోని బ్రిటిష్ లైబ్రరీలో ఉన్న నిజామీ రాతప్రతిలోనూ ఇది ఉంది. ఏ కాలపు ప్రతిని చూసినా కూర్పు ఇంచుమించు ఒకే తీరు: నీటి ఒడ్డున నడుముకు వస్త్రం చుట్టుకున్న షిరీన్, ఎగువన కొండరాళ్ల వెనక గుర్రంపై ఖుస్రో, ఆశ్చర్యంతో పెదవుల మీదికి చేరిన అతని వేలు. నీటిని చూపడానికి చిత్రకారులు వెండి పూత వాడేవారు. ఆ వెండి కాలక్రమంలో నల్లబడటంతో చాలా ప్రతుల్లో ఇవాళ కనిపించేది నల్లటి మడుగే. ఆ ఇద్దరి మధ్య దూరాన్ని దాటేది చూపు ఒక్కటే, దృశ్యానికి బిగువంతా ఆ దూరమే ఇచ్చింది.

అంతమాత్రాన పర్షియన్ చిత్రకళ స్పర్శకు వెనుకాడిందని కాదు. ఇస్ఫహాన్ చిత్రకారుడు రిజా అబ్బాసీ 1630లో గీసిన ప్రేమికుల చిత్రం న్యూయార్క్ మెట్రోపాలిటన్ మ్యూజియంలో ఉంది. అందులో ఆలింగనంలో ఉన్న రెండు దేహాలూ ఒకే రేఖలో కలిసిపోయాయి. ఆనాడు దూరం పెట్టాలో, దగ్గర చేర్చాలో తేల్చుకునే వీలు చిత్రకారుడికి, కనీసం అతని పోషకుడికి ఉండేది. నా దృష్టిలో అసలు తేడా ఇక్కడుంది.

కెమెరా వచ్చాక ఎవరిని ఎవరు చూడవచ్చన్న ప్రశ్న మరింత పదునెక్కింది. 1848 నుంచి 1896 వరకు ఇరాన్‌ను పాలించిన నాసిరుద్దీన్ షా స్వయంగా ఫొటోలు తీసేవాడు. అంతఃపుర స్త్రీలను అతను తీసిన చిత్రాలు గోలెస్తాన్ ప్రాసాదపు ఆల్బమ్‌ల్లోనే ఉండిపోయాయి. నేటి ఇరాన్ పెళ్లి ఫొటోల్లో తరచుగా కనిపించే దృశ్యం మరొకటి ఉంది: దంపతుల ముందు పరిచిన వస్త్రంపై ఒక నిలువుటద్దం, దానికి అటూ ఇటూ దీపస్తంభాలు, అద్దంలో వరుడికి కనిపించే వధువు ముఖం. హైదరాబాద్ ముస్లిం పెళ్లిళ్లలో వధూవరులు అద్దంలో ఒకరినొకరు చూసుకునే ఆర్సీ ముషఫ్ వేడుకను చూసినవారికి ఇది కొత్తగా అనిపించదు.

తొలి పర్షియన్ టాకీ ‘దుఖ్తరె లోర్’ కూడా ప్రేమకథే. దాన్ని 1933లో తీసింది బొంబాయిలోని ఇంపీరియల్ స్టూడియోలో. అంతకు రెండేళ్ల ముందు తెలుగు మాటలు కూడా వినిపించిన ‘కాళిదాస్’ను నిర్మించిన సంస్థ అదే. ఆ పర్షియన్ చిత్రంలో నాయికగా నటించినందుకు రూహంగీజ్ సామీనెజాద్ స్వదేశంలో తీవ్రమైన వేధింపులు ఎదుర్కొంది. అంటే తెరమీద ప్రేమించిన స్త్రీ పట్ల అసహనం కూడా విప్లవంతో మొదలైంది కాదు. విప్లవానంతర రాజ్యం దానికి చట్టబలం చేకూర్చింది.

ఆ చట్టం కింద భార్యాభర్తలుగా నటించేవారు కూడా ఒకరినొకరు తాకకూడదు. ఇంట్లో, పడకగదిలో, భర్త తప్ప మరెవరూ లేని చోట కూడా నటి తలపై వస్త్రం ఉండాలి. దీనివల్ల తెరమీది కాపురమంతా అబద్ధమైంది. ఏ ఇంట్లోనూ లేని నడవడిని ప్రేక్షకుడు నిజమని నమ్మాల్సి వచ్చింది. అబ్బాస్ కియరోస్తామీ 1994లో తీసిన ‘ఆలివ్ చెట్ల గుండా’ ఈ అబద్ధంతో నేరుగా తలపడింది. అందులో ఒక తాపీ పనివాడు, నిజజీవితంలో తనతో మాటైనా ఆడని అమ్మాయికి ఒక సినిమాలో భర్తగా నటిస్తాడు. చివర్లో ఆమె వెంట పరుగెత్తుతాడు. కెమెరా కొండమీదే ఆగిపోతుంది. పచ్చని చేలలో ఇద్దరూ రెండు తెల్లటి చుక్కలైపోతారు. ఆమె ఏం చెప్పిందో మనకు వినిపించదు. అదే దర్శకుడు 2008లో తీసిన ‘షిరీన్’లో నిజామీ కథ శబ్దంగా మాత్రమే నడుస్తుంది, తెరనిండా ఆ కథను చూస్తున్న నూరుమందికి పైగా స్త్రీల ముఖాలే ఉంటాయి. ఇది సెన్సార్ నేర్పిన విద్య కాదు. బొమ్మను చూసి ప్రేమలో పడ్డ షిరీన్ వారసత్వాన్ని ఎరిగిన కళాకారుడు బుద్ధిపూర్వకంగా ఎంచుకున్న దారి.

ఆ ఎంపికకు వీలులేని చోట ఏం జరుగుతుందో ఇటీవలి పరిణామాలు చెబుతున్నాయి. టెహ్రాన్‌లోని ఆజాదీ గోపురం ఎదుట నృత్యం చేసిన ఒక యువజంట వీడియో విస్తృతంగా తిరిగింది. 2023 జనవరిలో వారికి చెరి పదేళ్లకు పైగా జైలు శిక్ష పడిందన్న వార్త వచ్చింది. 2024 బెర్లిన్ చిత్రోత్సవంలో ప్రదర్శించిన ‘నాకిష్టమైన కేక్’లో డెబ్బై ఏళ్ల వితంతువు ఒక టాక్సీ డ్రైవర్‌ను ఇంటికి పిలిచి, తలపై ముసుగు లేకుండా అతనితో కలిసి తిని, తాగి, నాట్యమాడుతుంది. ఇందులో రూపకాల చాటు లేదు. మరియం మొఖద్దం, బెహతాష్ సనాయీహా అనే దర్శకులిద్దరూ ఇంట్లో స్త్రీ ఎలా ఉంటుందో అలాగే చూపించారు. ప్రభుత్వం వారి పాస్‌పోర్టులు తీసేసుకోవడంతో తమ సినిమా తొలి ప్రదర్శనకే వారు వెళ్లలేకపోయారు. 2025లో కోర్టు శిక్ష విధించి, దాని అమలును నిలిపి ఉంచింది. తాకని ప్రేమను పొగిడే విమర్శకులు ఈ సినిమాను కూడా అదే పరంపరలో, రిజా అబ్బాసీ గీసిన జంట పక్కన నిలిపి చూడాలి.