అచీవ్‌మెంట్ల పేజీ గారూ, నా జీపు ఎక్కడ?

మహారాజశ్రీ వీడియో ఆటల అచీవ్‌మెంట్ల పేజీ గారికి,

కాకినాడ నుంచి ఒక లెక్కల లెక్చరర్ నమస్కరించి రాయునది. ఉభయకుశలోపరి. ఇక్కడ నేను, నా రెండు ఫోన్లు, మా వాడి కంప్యూటరు క్షేమం. మీరు అక్కడ క్షేమమని తలుస్తాను. ‘అక్కడ’ అంటే ఎక్కడ అన్నదే పదకొండు రోజులుగా నా సమస్య.

గొడవ ఎలా మొదలైందో ముందు చెబుతాను. ఆదివారం మధ్యాహ్నం. పప్పుచారుతో భోజనం అయింది. పదో తరగతి వెలగబెడుతున్న మా వాడు ఫోన్‌లో ఏదో కారు తోలుతున్నాడు. వెనక నుంచి చూస్తూ ఊరుకోలేక నోరు జారాను. “ఒరేయ్, గుట్టల మీద జీపు నడిపే ఆట ఒకటుండేది. పెట్రోలు అయిపోయేలోగా ఎర్ర డబ్బా అందుకోవాలి. అందులో చందమామ మీద నేను వెళ్ళినంత దూరం మా స్టాఫ్ రూములో ఒక్కడూ వెళ్ళలేదు” అన్నాను.

వాడు తలెత్తకుండానే, “ప్రూఫ్ ఏది డాడీ?” అన్నాడు.

పద్దెనిమిదేళ్ళుగా వేరేవాళ్ళ పిల్లల చేత ప్రూఫులు రాయిస్తున్నవాణ్ణి. నా ఇంట్లో నన్నే అడిగారు.

“అచీవ్‌మెంట్స్‌లో ఉంటుందిగా, చూపించు.”

అలా తమరి పేరు మొదటిసారి విన్నాను. వినగానే చిన్న పని అనుకున్నాను. ఫోన్‌లో ప్లే గేమ్స్ అని ఒక యాప్ ఉంటుంది, అందులో ప్రొఫైల్ బొమ్మ నొక్కితే ఏ ఆటలో ఏం సాధించామో అన్నీ వరసగా కనిపిస్తాయి అన్నాడు మా వాడు. నొక్కాను. ఒక రంగు పేరు, దాని పక్కన ఒక జంతువు పేరు, తోకలా నాలుగంకెలు. అది నేనట! ఎప్పుడు ఒప్పుకున్నానో గుర్తులేదు. ఆ జంతువు సాధించినవి వెతికితే, బియ్యం డబ్బా ఖాళీ అయ్యాక అడుగున మిగిలే నాలుగు గింజల్లా, పదాలు పేర్చే ఆటలో రెండు పతకాలు కనిపించాయి. జీపు లేదు, చందమామ లేదు.

పైగా కొన్ని గళ్ళకు తాళం వేసి ఉంది. వాటిలో కొన్ని రహస్యమట. ఏం చేస్తే వస్తాయో చెప్పరు, వచ్చాక చెబుతారు. ఇది మాకు కొత్త కాదు లెండి. మా కాలేజీలో ఇంక్రిమెంట్లూ ఈ పద్ధతిలోనే ఇస్తారు.

తర్వాత కంప్యూటరు మీద పడ్డాం. అక్కడ మీ శాఖలు చాలా ఉన్నాయి. విండోస్ బొమ్మ ఉన్న మీటనూ జీ అక్షరాన్నీ కలిపి నొక్కితే ఒక పట్టీ వస్తుంది, మైక్రోసాఫ్ట్ వారి ఎక్స్‌బాక్స్ ఆటల పతకాలు అందులో చూసుకోవచ్చు. కంప్యూటరు ఆటలు అమ్మే స్టీమ్‌లో అయితే లైబ్రరీకి వెళ్ళి ఆట పేరు నొక్కితే చాలు. 2007 నుంచి ఆ దుకాణంలో మీకొక గది ఇచ్చారట. అక్కడ నాకు బాగా నచ్చిన విషయం, ఒక్కో పతకం ప్రపంచంలో ఎంత శాతం మందికి వచ్చిందో పక్కనే రాసి ఉండటం. ఆట మొదలెట్టి నాలుగడుగులు వేసినందుకు ఇచ్చే పతకం కూడా నూరు శాతం మందికి ఉండటం అరుదు. కొని, పది నిమిషాలు ఆడి, వదిలేసేవాళ్ళు ఎంతమందో! మా ఇంట్లో బట్టలారేసుకునే ట్రెడ్‌మిల్ ఒకటుంది. దాని మీద నా శాతం చెప్పను.

ఆ గదిలో తిరుగుతుండగానే ఒక ఆట పేరు కింద 612 గంటలు అని కనిపించింది. మా వాడు మౌస్ లాక్కోబోయాడు. ఇతరులకు ఈ గంటలు కనపడకుండా ఉండటానికి ఒక గడి ఉంటుంది, దాంట్లో వాడు ముందుజాగ్రత్తగా టిక్కు పెట్టుకున్నాడు. కానీ చూస్తున్నది వాడి ఖాతాలోంచే కదా, సొంత ఖాతాకు మాత్రం మీరు అబద్ధం చెప్పరు. 612ని 24తో భాగించాను. ఇరవై ఐదున్నర రోజులు. రాత్రీ పగలూ కలిపి. నా జీపు కోసం వెళ్తే వాడి బండి దొరికింది. ఆ సాయంత్రం ఇంట్లో ఎవరూ పెద్దగా మాట్లాడుకోలేదు.

ఒక్క మాట అడగాలి. ఒకే ఫోన్‌లో మీరూ ఉంటారు, డిజిటల్ వెల్‌బీయింగ్ అనే ఆయనా ఉంటాడు. 2018లో వచ్చాడు, మీకు తమ్ముడి వరస. నేను రాత్రి మూడు గంటలు పదాలు పేర్చితే మీరు వాటికి ఎక్స్‌పీ, అంటే అనుభవం పాయింట్లు, అని పేరు పెట్టి మెచ్చుకుంటారు. ఆయన అవే మూడు గంటలకు స్క్రీన్ టైమ్ అని పేరు పెట్టి కడ్డీల బొమ్మ గీసి చూపిస్తాడు. మా ఆవిడ ఆయన పక్షం. ఒక ఇంట్లో ఒకే పనికి ఒకరు శాలువా కప్పి, ఇంకొకరు నోటీసు ఇవ్వడం ఎక్కడి న్యాయమండీ? మీరిద్దరూ ఒకసారి కూర్చుని మాట్లాడుకోండి.

మీ వంశచరిత్ర కూడా కొంత చదివాను. 1982లో పిట్‌ఫాల్ అనే ఆట ఆడి 20,000 పాయింట్లు దాటినవాళ్ళు టీవీ తెరకు ఫొటో తీసి, కడిగించి, కవర్లో పెట్టి యాక్టివిజన్ కంపెనీకి పోస్టు చేస్తే, చొక్కాకు కుట్టుకునే గుడ్డ బిళ్ళ తిరుగు టపాలో వచ్చేదట. అదీ మర్యాద. బిళ్ళ పెట్టెలో ఉంటుంది, పెట్టె అటక మీద ఉంటుంది, వెతికితే దొరుకుతుంది. 2005 నవంబరులో ఎక్స్‌బాక్స్ 360 అనే ఆటల యంత్రం వచ్చి, డిస్కు మీద అమ్మే ఒక్కో ఆటకు మొత్తం 1000 పాయింట్లు అని కట్టేసింది. మన ఇంటర్ ఎంపీసీకి 1000 మార్కులు పెట్టినవారూ వీరూ ఒకే గురువు దగ్గర చదివారేమోనని నా అనుమానం. 2008లో ప్లేస్టేషన్ వారు కంచు, వెండి, బంగారం పెట్టి, అన్నీ గెలిచినవాడికి ప్లాటినం అన్నారు. ఇంకేముంది, ఫ్లెక్సీలొక్కటే తక్కువ. నింటెండో వారి స్విచ్ యంత్రంలో మాత్రం మీకు చోటే ఇవ్వలేదు. ఆడినవాడు ఆడి ఇంటికి పోవడమే. ఆపిల్ వాళ్ళు 2010లో గేమ్ సెంటర్ అని గుడి కట్టారు, 2016లో ఆ యాప్ తీసేసి దేవుణ్ణి సెట్టింగ్స్‌లో ఓ మూల కూర్చోబెట్టారు, 2025లో మళ్ళీ గేమ్స్ అనే యాప్ పెట్టి తలుపులు తీశారు. మధ్యలో తొమ్మిదేళ్ళు భక్తులు పడ్డ పాట్లు వేరే చెప్పాలా.

ద స్టాన్లీ పారబుల్ అని ఒక ఆటలో ఐదేళ్ళపాటు ఆ ఆట జోలికి వెళ్ళకుండా ఉంటే అచీవ్‌మెంట్ ఇస్తారని తెలిసి ఎంతో ఆశపడ్డాను. నలభై ఏళ్ళుగా ఆ ఆట ఆడకుండా ఉన్నవాణ్ణి. తీరా చూస్తే ముందు కొని ఒకసారి ఆడాలట, లెక్క అక్కణ్ణుంచట. ఊరికే రాలేదు.

నిజానికి ఆటల్లో లెక్కలు రాసి పెట్టడం నాకు కొత్తేం కాదు. 2004లో డిగ్రీ చదివేటప్పుడు గంటకు పదిహేను రూపాయలిచ్చి నెట్ సెంటర్లో ఆరో నంబరు సిస్టమ్ మీద వైస్ సిటీ ఆడేవాళ్ళం. ఆట ఆపితే మెనూలో స్టాట్స్ అని ఉండేది. ఎంత శాతం పూర్తయింది, ఎన్ని బళ్ళు పగిలాయి, ఎంత దూరం నడిచాం, అన్నీ రాసి ఉండేవి. సేవ్ చేసుకునే గళ్ళు ఎనిమిది. మా బ్యాచ్ పాతికమంది. సోమవారం నేను 23 శాతం దగ్గర వదిలేసి వస్తే బుధవారానికి అది 31 అయ్యేది. ఎవడో నా ఆట ఆడేశాడు! మొదట్లో గొడవపడ్డాను. తర్వాత తర్వాత, నాకు చేతకాని మిషన్ ఉంటే దాని ముందు సేవ్ చేసి రెండ్రోజులు ఆగేవాణ్ణి.

సరే, జీపు దగ్గరికి వద్దాం. అసలు రోగం మా వాడే కనిపెట్టాడు. “పతకాలు ఫోన్‌కి కాదు డాడీ, అకౌంట్‌కి వస్తాయి. అప్పుడు ఏ మెయిల్ ఐడీతో ఆడావు?” అన్నాడు.

ఏ మెయిల్ ఐడీ! 2014లో భానుగుడి జంక్షన్ దగ్గర చిన్న కొట్లో నా మొదటి స్మార్ట్ ఫోన్ కొన్నాను. కొట్లో కుర్రాడు స్క్రీన్ గార్డు అతికిస్తూ, “మెయిల్ ఐడీ నేనే పెట్టేస్తానండి మాస్టారూ, మీకెందుకండీ శ్రమ” అన్నాడు. పెట్టేశాడు. ఆ ఐడీ ఏమిటో పదకొండేళ్ళలో నేనొక్కసారి కూడా అడగలేదు.

అటక ఎక్కాను. ఫోన్ తాలూకు ఖాళీ అట్టపెట్టె పారేసే వంశం కాదు మాది. మూత లోపల నీలం బాల్ పెన్నుతో రాసి ఉంది. మెయిల్ ఐడీ బాగానే కనిపిస్తోంది, కొట్టు పేరు పక్కన 4 అని అంకె. పాస్‌వర్డు మీద ఎప్పుడో వాన నీళ్ళు పడి సిరా అలుక్కుపోయింది.

భానుగుడికి వెళ్ళాను. కొట్టు అక్కడే ఉంది. బోర్డు మీద ‘సెల్’ అన్న మాట కొట్టేసి ‘కర్రీ’ రాశారు. ‘పాయింట్’ అలాగే ఉంచారు. కుర్రాడు కూడా వాడే, కాస్త బొజ్జ వచ్చింది. గరిటెతో గుత్తి వంకాయ కవర్లో వేస్తూ నన్ను గుర్తుపట్టాడు.

“పాస్‌వర్డాండీ? మీ వీధందరికీ ఒకటేనండి మాస్టారూ. నేను గుర్తుపెట్టుకోవాలి కదండీ మరి.”

“మరి ఈ నాలుగు అంకె ఏంటయ్యా?”

“ఐడీలు మొత్తం ఆరే చేశానండి. వాటినే తిప్పితిప్పి వేసేవాణ్ణండి. బేరాలెక్కువండి అప్పట్లో.”

పాస్‌వర్డు చెప్పాడు. ఇక్కడ రాయను. మా వీధి పరువు పోతుంది. పావు కేజీ గుత్తి వంకాయ కట్టించుకుని ఇంటికొచ్చాను.

రాత్రి పదింటికి మా వాడూ నేనూ కూర్చుని ఆ నాలుగో నంబరు ఐడీ కొట్టాం. పాస్‌వర్డు ఒప్పుకుంది. అప్పుడు తెర మీద ఒక మాట వచ్చింది. ఇదే ఖాతా ఉన్న మీ ఇంకో ఫోన్‌కి కబురు పంపాం, అది తీసి ‘అవును, నేనే’ అని నొక్కండి అని.

నా ఇంకో ఫోన్ నా చేతిలోనే ఉంది. అందులో ఏ కబురూ రాలేదు. మేమిద్దరం ఒకరి మొహం ఒకరం చూసుకున్నాం. వంటింట్లో గిన్నెలు కడుగుతున్న చప్పుడు వినిపిస్తోంది. అర నిమిషం గడిచింది. ఇక కట్టేద్దాం అనుకుంటుండగా తలుపు తెరుచుకుంది. కాకినాడలోనో, ఇంకెక్కడో, ఎవరో పడుకోబోతూ ఫోన్ తీసి, ‘అవును, నేనే’ అని నొక్కారు.

తమరు అక్కడున్నారు. నిండుగా, పెళ్ళింట్లో షామియానా వేసినట్టు వెలిగిపోతూ. జీపు ఉంది. చందమామ ఉంది. అయితే నేను వెళ్ళిన దూరానికి మూడింతలు దూరం ఉంది. దాని పక్కన ఎడారి, మంచుకొండ, నేను పేరు కూడా వినని దారులు, అన్నిటికీ పతకాలు. కొన్ని నేను ఆ ఆట మానేసిన చాలా ఏళ్ళకు వచ్చినవి. ఒకటి మొన్న శుక్రవారం వచ్చింది. శుక్రవారం నేను ఇన్విజిలేషన్‌లో ఉన్నాను.

మా వాడు కిందకీ పైకీ జరుపుతూ చాలాసేపు చూశాడు. వాడి మొహంలో అలాంటి గౌరవం నేను ప్రోగ్రెస్ కార్డు మీద సంతకం పెట్టేటప్పుడు కూడా చూడలేదు.

“డాడీ, ఇవన్నీ ఆడింది నువ్వేనా?”

“అవును, నేనే” అన్నాను.

ఇట్లు,
తమ విధేయుడు,
నాలుగో నంబరు ఐడీలో సగం వాటాదారు