ఏకరోలర్ వ్రతం

వ్రతాలూ నియమాలూ మంటగలిసిపోయాయని బాధపడే పెద్దలు ఒక్కసారి హైదరాబాద్‌లో అద్దె ఇల్లు ఖాళీ చేసి చూడండి. ఖాళీ అయిన ఇంటికి రంగు వేయించేటప్పుడు అన్నిటికీ ఒకటే రోలర్ వాడే ఏకరోలర్ వ్రతం అక్కడ మహా నిష్ఠగా సాగుతోంది. వ్రతకర్త ఇంటి ఓనరు. నైవేద్యం మీ అడ్వాన్సు.

శాస్త్రం వేరే ఉంది లెండి. లప్పం పెట్టి నున్నగా రుద్దిన గోడకు రోలర్ మీది నూలు 6 మిల్లీమీటర్ల పొట్టిది చాలు. మామూలు ప్లాస్టరింగ్ గోడకు 9 నుంచి 12. గరుకు ప్రహరీకైతే 18 దాటాలి, లేకుంటే గుంటల్లోకి రంగు దిగదు. తలుపులకు ఎనామెల్ వేయడానికి 4 అంగుళాల వెడల్పున్న చిన్న రోలర్. కిటికీ ఊచల దగ్గర రోలర్‌కు పనే లేదు, కుంచె పట్టాలి. ఇలాంటివి పట్టించుకునేవాళ్లు సొంతిల్లు కట్టుకుంటారు, అద్దెకివ్వరు.

ఓనరు గారి రోలర్ అటక మీద ఉంటుంది. కిందటిసారి గేటుకు ఎనామెల్ పూసి, టర్పెంటైన్‌లో కడక్కుండా పైకెక్కించిన రోలర్ అది. నూలు ఎండి కట్టెలా బిగుసుకుపోయింది.

"సార్, ఇది పనికిరాదు. కొత్తది తెప్పించండి," అంటాడు రంగులేసే మనిషి.

"నీళ్లల్ల నానబెట్టు, మెత్తబడతది."

ఎండిన ఎనామెల్ నీళ్లకు మెత్తబడడం అన్నది ఆ ఇంట్లో మాత్రమే జరిగే విశేషం. ఇక మహాయాత్ర మొదలు. సీలింగ్ మీద చారలు, హాల్లో బొడిపెలు. దారిలో స్విచ్‌బోర్డు వస్తుంది, ఆగరు. క్యాలెండర్ మేకు వస్తుంది, దానికీ ఒక కోటింగ్. ట్యూబ్‌లైట్ వెనక కునుకు తీస్తున్న బల్లి తోక మీదుగా రోలర్ సాగిపోతుంది. వంటింట్లో పోపు జిడ్డును తుడవడం దండగ, రంగే కప్పుకుంటుంది. ఓనరు గారు గుమ్మంలో నిలబడి "ఫస్ట్ క్లాస్" అంటారు. బల్లి అభిప్రాయం ఎవరూ అడగలేదు.

దీనికి మీ అడ్వాన్సులోంచి కోసేది ఎంతో తెలుసా? నెల అద్దె. మూడేళ్లున్నా అంతే, ఆరు నెలలున్నా అంతే. కొన్ని వందలు పెడితే మంచి రోలర్ వస్తుందే! ఆ కాస్త మిగుల్చుకోవడానికి రోజుకూలీ మనిషి చేత, భుజం పడిపోయేదాకా, ఆ మొద్దును గోడకేసి అదిమిస్తారు. చారలు తేలితే "పనిరాదు వీడికి" అని అతని కూలిలోనూ కోతే! అటు వెళ్లేవాడి దగ్గర దోచి, ఇటు చేసేవాడి దగ్గర దోచి, వచ్చేవాడికి "కొత్తగా పెయింటింగ్ చేయించినం" అని అద్దె పెంచి చెప్పడానికి నోరెలా వస్తుందయ్యా?

కోయండి, కాదనం. బిల్లు మాత్రం చూపించండి: లప్పం ఎంత, ప్రైమర్ ఎంత, రోలర్లు ఎన్ని. అటక మీదదే అంటారా, దాని డబ్బులు కిందటి కిరాయిదారు దగ్గరే పట్టుకున్నారు కదా.