గైడ్ సంతకం ఉండగా గైడ్‌తో పనేంటి?

మత్తు డాక్టర్ల చదువులో పర్యవేక్షణ లేదని కొందరు గిట్టనివాళ్లు ఊరికే గోల చేస్తుంటారు. ఎండీ అనస్థీషియా మూడేళ్లు. ఆ మూడేళ్లూ ప్రతి పీజీ విద్యార్థికీ ఒక ప్రొఫెసర్ గైడ్‌గా ఉంటారు, థీసిస్ మొదటి పేజీలో ఆయన పేరుంటుంది, డిపార్ట్‌మెంట్ బోర్డు మీద ఉంటుంది, ఇప్పుడు ఆధార్ ముఖ హాజరు కూడా వచ్చింది కాబట్టి పొద్దున్నే ఆయన కాలేజీలో ఉన్నారన్న సంగతి ఢిల్లీ దాకా తెలిసిపోతుంది. ముఖం హాజరయ్యాక మిగతా మనిషి ఎటు పోయారని ఆరా తీయడం మర్యాద కాదు.

2023 నాటి పీజీ వైద్యవిద్య నిబంధనలు ఎంత ముచ్చటగా ఉన్నాయో చూడండి. పీజీ తాను చేసిన పనిని వారం వారం ఈ-లాగ్‌బుక్‌లో ఎక్కించాలి, గైడ్ నెలనెలా చూసి సరేననాలి. కొన్ని కాలేజీలు దీన్ని ఇంకాస్త మెరుగుపరిచాయి. సార్‌కి కంప్యూటర్ పడదు, అందుకని ఆయన పాస్‌వర్డ్ పీజీ దగ్గరే ఉంటుంది. పిల్లాడే కేసు రాసుకుంటాడు, పిల్లాడే సార్ అయిపోయి మెచ్చుకుంటాడు. ఆత్మనిర్భరత అంటే ఇదే కదా. కాగితం లాగ్‌బుక్కే నడిచే చోట ఇంకా సులువు: పరీక్షల ముందు ఒక సాయంత్రం మూడేళ్ల పేజీలూ టేబుల్ మీద పెడితే, సార్ టీ తాగుతూ, ఫోన్లో ఎవరితోనో స్థలం రేటు మాట్లాడుతూ, టకటకా సంతకాలు పెట్టేస్తారు. 'పర్యవేక్షణలో చేసినవి' అనే గడిలో వెన్నులో సన్నని గొట్టం పెట్టి మత్తిచ్చే ఎపిడ్యూరల్ ఉంది, నెలల పసికందుకి శ్వాసనాళంలో గొట్టం వేసే ఇంట్యుబేషన్ ఉంది. సార్ వాటిని ఆ సాయంత్రమే మొదటిసారి చూశారు. చూశారుగా మరి!

అసలు పర్యవేక్షణంటే ఏంటో తెలియాలంటే అర్ధరాత్రి రెండింటికి ఎమర్జెన్సీ సిజేరియన్ దగ్గరికి రండి. ఫస్టియర్ పీజీ అమ్మాయి చేతిలో వెన్నులో మత్తిచ్చే 25 గేజ్ స్పైనల్ సూది. నొప్పులు వస్తున్న తల్లి వంగమంటే వంగలేదు. సీనియర్ రెసిడెంట్ ఐసీయూలో వెంటిలేటర్ దగ్గర ఇరుక్కుపోయాడు. సార్ ఫోన్లో ఉన్నారు, "ఎల్3-ఎల్4లో పెట్టమ్మా, వచ్చేస్తుంది" అంటారు, నడుములో ఏ రెండు ఎముకల మధ్యో కూడా చెబుతూ, నిద్రలో కూడా ఎంత కచ్చితత్వమో! సూది లోపలికి వెళ్లింది, వెన్ను నీరు చుక్కలు చుక్కలుగా వచ్చింది, పీజీ మందు ఎక్కించింది, తల్లిని పడుకోబెట్టింది. "అయిందా? కట్ చేయొచ్చా?" అని అప్పటికి నాలుగోసారి అడుగుతున్నారు గైనిక్ మేడం. మానిటర్ మీద బీపీ 80కి పడింది. తల్లి "వాంతొస్తోందమ్మా" అంటోంది. పీజీ మళ్లీ ఫోన్ తీసేలోపే, ఇరవై ఏళ్లుగా అదే థియేటర్లో ఉన్న స్టాఫ్ నర్సు "మెఫెంటర్మిన్ లోడ్ చేసి పెట్టా మేడం, ఆరు మిల్లీగ్రాములు ఇవ్వండి, సెలైన్ వదులుతున్నా" అని సిరంజి చేతిలో పెట్టింది. బీపీ లేచింది. బిడ్డ ఏడ్చింది. లాగ్‌బుక్‌లో ఈ కేసు ఎవరి పర్యవేక్షణలో జరిగినట్టు నమోదవుతుందో చెప్పక్కర్లేదు. నర్సులకి పీజీ గైడ్ అర్హత లేదు, నిబంధనలు నిబంధనలే.

పాపం సార్‌ని కూడా అనకూడదు లెండి. టేబుళ్లు ఎక్కువ, చేతులు తక్కువ, ఉన్న ఇద్దరిలో ఒకరు ఎప్పుడూ తనిఖీ ఫైళ్లలో ఉంటారు. కాకపోతే సాయంత్రమయ్యేసరికి ఊళ్లోని నర్సింగ్ హోమ్ లో మోకీలు మార్పిడి కేసుకి మాత్రం ఆయన స్వయంగా, మొదట్నుంచి చివరిదాకా, తల దగ్గరే కూర్చుని మత్తిస్తారు. అంటే పక్కన కూర్చోవడం రాక కాదు. అక్కడ డబ్బు కట్టిన రోగికి సార్, ఇక్కడి రోగికి సార్ నంబరు.

జిల్లా రెసిడెన్సీ మూడు నెలలైతే మరీ హాయి. జిల్లా ఆస్పత్రికి వెళ్లగానే పీజీకి ఆనందంగా స్వాగతం పలుకుతారు, ఆ వెంటనే అక్కడి మత్తు డాక్టరు పెండింగ్ సెలవులన్నీ వాడేసుకుంటారు. 'సహేతుకమైన పని గంటలు, సహేతుకమైన విశ్రాంతి' అని కూడా అవే నిబంధనల్లో రాసుంది. ఎన్ని గంటలో రాయకపోవడంలోనే ఉంది దాని అందమంతా, 36 గంటలకి దిగినా సహేతుకంగానే కనిపిస్తుంది.

కాబట్టి నా సూచన: ఇంకో ఫారం పెట్టండి. పర్యవేక్షణ జరిగిందా లేదా అని పీజీయే నింపాలి, గైడ్ సంతకం పెట్టాలి, హెచ్‌ఓడీ ముద్ర వేయాలి. తృప్తి శాతం వంద దాటకుండా చూసుకుంటే చాలు, అనుమానాలు రావు.

చివర్లో వైవా ఎలాగూ ఉంది. "గొట్టం వేయలేకపోయావు, మాస్కుతో ఊపిరీ అందడం లేదు, ముందు ఏం చేస్తావు?" అంటారు వేరే కాలేజీ నుంచి వచ్చిన ఎక్స్‌టర్నల్ ఎగ్జామినర్. "సాయానికి సీనియర్‌ని పిలుస్తాను సార్." "వెరీ గుడ్." గైడ్‌లైన్ల ప్రకారం సరైన జవాబే, పూర్తి మార్కులు. సరిగ్గా అప్పుడే ఎక్స్‌టర్నల్ గారి ఫోన్ మోగుతుంది, వాళ్ల కాలేజీ పీజీ. "వైవాలో ఉన్నానమ్మా, మళ్లీ చెయ్యి" అని పెట్టేసి, "ఆఁ, పిలిచాక?" అంటారు.