గండికోట ఫోటో, గంపెడు హక్కులు

గండికోట ఫోటోను ఎవరు తీశారని అడగడం కడప జిల్లాలో మర్యాద తెలియనివారు చేసే పని. పెన్న కోసిన లోయ అంచున నిలబడి ఫోను నొక్కుతాం. సాయంత్రానికి ఆ ఫోటో లోకకల్యాణార్థం వాట్సాప్‌లోకి వెళ్తుంది. తెల్లారేసరికి దాని మీద ఒక గులాబీ, ఒక శుభోదయం, ఒక సూక్తి మొలుస్తాయి. ఇంత సజావుగా సాగే ధర్మకార్యానికి పేరు అనే పుల్ల అడ్డుపెట్టకూడదని నేనూ చాలాకాలం నమ్మాను. నా గండికోట ఫోటో ఒక మిఠాయి దుకాణం కాలెండరు మీద కనిపించేదాకా.

ఎర్ర బండలు, ఏటవాలు ఎండ, అడుగున సన్నగా పెన్న. అన్నీ నావే. కింద ఉన్న జిలేబీ బొమ్మ ఒక్కటే వాళ్ళది.

"నెట్‌లో దొరికింది సార్" అన్నాడు దుకాణదారు, బస్టాండులో గొడుగు దొరికినంత తేలిగ్గా. "అయినా కాలెండరు ఊరికే ఇస్తున్నాను, అమ్ముకోవడం లేదు కదా!"

ఆ రాత్రి కూర్చొని చట్టం చదివాను. 1957 నాటి మన కాపీరైటు చట్టం ప్రకారం ఫోటో తీసిన క్షణానే హక్కు పుడుతుంది. దరఖాస్తు అక్కర్లేదు, ముద్ర అక్కర్లేదు. తీసిన మనిషి బతికినంతకాలం, ఆ తరువాత 60 ఏళ్ళు ఆ హక్కు ఉంటుంది. నేను పోయాక 60 ఏళ్ళు ఆ దుకాణాన్ని కనిపెట్టుకుని ఉండేది ఎవరని ఇంట్లోవాళ్ళ వైపు చూశాను. ఎవరూ తలెత్తలేదు.

సర్వహక్కులూ పిడికిట్లో బిగించుకోవడం ఒక్కటే దారి కాదని కూడా అప్పుడే తెలిసింది. అమెరికాలో పుట్టిన క్రియేటివ్ కామన్స్ అనే సంస్థ 2002 డిసెంబరులో కొన్ని లైసెన్సులు విడుదల చేసింది. నన్ను అడగనక్కర్లేదు, ఈ షరతులు పాటించి వాడుకోండి అని సొంతదారు ముందే చెప్పి పెట్టే ఏర్పాటు అది. ఇప్పుడున్నవి ఆరు. ఆరింటిలోనూ తప్పనిది బీవై. అంటే చేసినవారి పేరు చెప్పాలి, లైసెన్సు ఏదో చెప్పాలి, ఏమైనా మారిస్తే మార్చామని చెప్పాలి. డబ్బు అడిగి ఉంటే మనవాళ్ళు బేరమాడి సగమైనా ఇచ్చేవారు. పేరు అడిగారు. అక్కడే వచ్చింది చిక్కు.

మిగతా షరతులు మనకు కొత్తవి కావు. ఎస్‌ఏ అంటే తోడు పెరుగు. పక్కింటి తోడుతో పెరుగు చేసుకున్న ఇల్లు, రేపు ఇంకొకరు గిన్నె పట్టుకొస్తే లేదనకూడదు. దాన్ని మార్చి మీరేం తయారుచేసినా అదే షరతు మీద పంచాలి. తెలుగు వికీపీడియా వ్యాసాలు ఈ తోడుతోనే నడుస్తున్నాయి. ఎన్‌సీ అంటే పెళ్ళికి అడిగి తెచ్చుకున్న గుండిగ, వండుకోవచ్చు కానీ అద్దెకు తిప్పకూడదు. ఎన్‌డీ అంటే ఉన్నదున్నట్టుగానే పంచాలి, బురుజు మీద నాయకుడి ముఖం అతికించి పంచకూడదు. ఫ్లెక్సీలతో బతికే మన ఊళ్ళలో ఇది ఎంత క్రూరమైన షరతో వేరే చెప్పాలా?

నేను వెంటనే మూడూ కలిసిన బీవై-ఎన్‌సీ-ఎన్‌డీ ఎంచుకున్నాను. ఆరింటిలోకీ పిసినారిది అదే. ఎన్‌సీ, ఎన్‌డీ ముళ్ళున్న ఫోటోను వికీపీడియాకు బొమ్మల గాదె అయిన వికీమీడియా కామన్స్ గడప తొక్కనివ్వదట, తొక్కనివ్వకపోతే మానె. కాలెండరు ఊరికే ఇచ్చినా అది జిలేబీ అమ్ముకోవడానికేననీ, వ్యాపార లాభం ప్రధానమైతే ఎన్‌సీ ఒప్పుకోదనీ దుకాణదారుకు బోధించాను. ఆయన శ్రద్ధగా విని, "అందులో రాహుకాలం కూడా వేశాం సార్, అది సేవ కాదా?" అన్నాడు. ఈ ప్రశ్నకు జవాబు నేను చదివిన ఏ లైసెన్సులోనూ లేదు.

ఇక వేమన బాటే శరణ్యమనుకున్నాను. కటారుపల్లిలో సమాధి అయిన ఆ యోగి తన పేరును మకుటంలోనే బిగించాడు, తీసేస్తే ఆటవెలది కుంటుతుంది. తాటాకులు ఎన్ని చేతులు మారినా ఆ పేరు చెదరలేదు. 1820లో కడపకు వచ్చిన బ్రౌన్ దొర ఆ పద్యాలను సేకరించి 1829లో అచ్చు వేయించేనాటికీ పదిలంగా ఉంది. పైగా ఎవరెవరో రాసిన పద్యాలు కూడా ఆయన పేరు మీదికి చేరాయి. అప్పటివాళ్ళు తమ పద్యానికి వేమన పేరు పెట్టారు, ఇప్పటివాళ్ళు నా ఫోటోకు జిలేబీ పెట్టారు.

సరే, పెన్నకు అడ్డంగా నా పేరు రాయించాలని కంప్యూటర్ తెలిసిన మేనల్లుడిని పిలిచాను. వాడు ఫోటో చూసి, "ఇది తీసింది నేను కదా మామా!" అన్నాడు.

నిజమే. ఆ రోజు నాకు కళ్ళు తిరుగుతున్నాయని ఫోను వాడి చేతికిచ్చి, అంచుకు పదడుగుల వెనక బండ మీద కూర్చున్నాను. ఫోను నాది, పెట్రోలు నాది, ఎటు తిప్పాలో అరిచి చెప్పిందీ నేనే. చట్టం మాత్రం ఫోటో తీసినవారినే కర్త అంటోంది. పెట్రోలు గురించి ఒక్క సెక్షనూ లేదు. నాది కాని ఫోటోకు నేనిచ్చిన లైసెన్సు కూడా చెల్లదు.

మేనల్లుడు ఒక్క నిమిషమైనా ఆలోచించకుండా ఉత్త బీవై చాలన్నాడు. ఒకసారి ఇస్తే వెనక్కి తీసుకోవడం కుదరదని హెచ్చరించినా వినలేదు. ఇప్పుడు పేరూ లైసెన్సూ వేసి, ఏమైనా మారిస్తే ఆ సంగతీ చెబితే చాలు, జిలేబీ కూడా సక్రమమే. వచ్చే ఏడాది నుంచి వేస్తానని దుకాణదారు మాట ఇచ్చాడు.

ఈ వ్యాసంతో పాటు ఆ ఫోటోను కూడా వేయమని సంపాదకులను కోరాను. మేనల్లుడి పేరు తప్పక ఉండాలని, అయితే నా పేరు కంటే చిన్న అక్షరాల్లో ఉండాలని రాశాను. వాడు ఎంచుకున్న బీవైకి 2013లో వచ్చిన 4.0 వెర్షనులో అక్షరాల కొలత గురించి ఏమీ లేదు. మూడుసార్లు చదివాను.