కబడ్డీ అమ్మాయికి రెండో ఆట ఉందా?

అనంతపురంలో కూర్చుని రగ్బీ గురించి రాస్తే నవ్వేవాళ్లుంటారు. ఉన్న ఆటలకే గ్రౌండ్ల దిక్కులేదు, ఇదొకటా అంటారు. అయినా న్యూజిలాండ్ క్రీడాకారిణి పోర్షియా వుడ్‌మన్ విక్లిఫ్ కెరీర్‌ను మన పీఈటీలు, జిల్లా క్రీడాధికారులు ఒకసారి చూడాలి. ముఖ్యంగా ఆమె ఆ ఆటలోకి వచ్చిన దారిని.

ఆమె మొదట నెట్‌బాల్ ప్లేయర్. నార్తర్న్ మిస్టిక్స్ జట్టుకు ఆడింది. నెట్‌బాల్‌లో బంతి చేతికందాక పరుగెత్తకూడదు, ఆగి పాస్ ఇవ్వాల్సిందే. ఆ ఆటలో పెరిగిన మనిషి రగ్బీలో బంతిని చంకన పెట్టుకుని ఎవరికీ అందకుండా ఉరికింది. జట్టుకు ఏడుగురు ఆడే రగ్బీ సెవెన్స్‌ను ఒలింపిక్స్‌లో చేరుస్తున్నట్టు 2009లో ప్రకటించారు. 2016 రియో ఒలింపిక్స్‌కి జట్టు కావాలి. అందుకే 2012లో న్యూజిలాండ్ వేరే ఆటల అమ్మాయిలను కూడా పిలిచి సెలెక్షన్స్ పెట్టింది. రగ్బీ ముందే వచ్చి ఉండాలని షరతు పెట్టలేదు. పోర్షియా అలా వచ్చింది.

2016 రియోలో రజతం, టోక్యోలో, 2024 పారిస్‌లో స్వర్ణాలు. పదిహేను మంది ఆడే రగ్బీలోనూ 2017, 2022 ప్రపంచకప్‌లు గెలిచింది. 2017లో హాంకాంగ్‌పై ఒక్క మ్యాచ్‌లోనే 8 ట్రైలు (బంతిని ప్రత్యర్థి గీత దాటించి నేలకు తాకిస్తే ఒక ట్రై). మధ్యలో మడమ వెనక నరం తెగి చాలాకాలం ఆటకు దూరమైంది. పారిస్ తర్వాత రిటైరై, మళ్లీ 2025 ప్రపంచకప్‌కు తిరిగొచ్చింది. ఆమె తండ్రి, తండ్రి సోదరుడు ఇద్దరూ ఆ దేశ పురుషుల జట్టుకు ఆడినవాళ్లేనన్నది కూడా మరవకూడదు. ఇంట్లో ఆట ఉంది. కానీ ఇంట్లో ఉన్న ఆట ఆమె దాకా రావడానికి ఒక సెలెక్షన్ కావాల్సి వచ్చింది.

ఇప్పుడు మన దగ్గరికి వద్దాం. రాయలసీమ బడుల్లో ఆడపిల్లల ఆట అంటే కబడ్డీ, ఖోఖో, పరుగు. కూతకు వెళ్లి ముగ్గురిని విదిలించుకుని గీత తాకే పిల్లకు, చీలమండ పట్టు పట్టే డిఫెండర్‌కు టాక్లింగ్ (బంతితో ఉరికేవాళ్లను పట్టి పడేయడం) అంటే భయం ఉండదు. సెవెన్స్‌లోనూ జట్టుకు ఏడుగురే. ఒక్కో సగం ఏడేసి నిమిషాలు. కొత్తగా నేర్చుకోవాల్సింది ఎక్కువగా బంతిని వెనక్కే పాస్ చేయడం, ఆ పెద్ద గ్రౌండ్‌ను పంచుకోవడం. బిహార్‌కు చెందిన స్వీటీ కుమారి అథ్లెటిక్స్ నుంచి రగ్బీకి మారి భారత జట్టుకు ఆడింది. ఆటే రగ్బీ కానక్కర్లేదు కూడా. కడప జిల్లా పల్లె నుంచి వచ్చిన శ్రీచరణి క్రికెట్ కంటే ముందు వేరే ఆటలు ఆడింది. 2025 మహిళల క్రికెట్ ప్రపంచకప్ గెలిచిన భారత జట్టులో 14 వికెట్లు తీసింది.

ఆమె మారగలిగింది. ఎంతమంది మారగలరు? అనంతపురంలో రూరల్ డెవలప్‌మెంట్ ట్రస్ట్ (ఆర్డీటీ) అనే స్వచ్ఛంద సంస్థ స్పోర్ట్స్ విలేజ్ ఉంది. హాకీ, ఫుట్‌బాల్, జూడో, టెన్నిస్, క్రికెట్ ఒకే ఆవరణలో ఉన్నాయి. దేశంలో చాలా జిల్లాలకు లేని భాగ్యం ఇది. కబడ్డీ, ఖోఖో జిల్లా పోటీలు జరిగే రోజే పక్కన ఒక టేపు, స్టాప్‌వాచ్ పెట్టుకుని, ఓడి ఇంటికెళ్లే జట్లలోని పిల్లల వేగం, ఎగురుడు కొలిస్తే పెద్ద ఖర్చేమీ కాదు. గెలిచిన జట్టును చూసేవాళ్లు ఎలాగూ ఉన్నారు.

అసలు అడ్డం సర్టిఫికెట్. ఇంటర్ చదివే అమ్మాయి తండ్రికి ఆట అంటే స్పోర్ట్స్ కోటా సీటు, ఆ తర్వాత పోలీసో రైల్వేనో. ఆయన లెక్కలో తప్పేం లేదు, కరువు సీమలో ఆ లెక్క తప్ప ఇంకేం ఉంటుంది? మూడేళ్లు ఆడి రాష్ట్రస్థాయి దాకా వెళ్లిన ఆటను వదిలి కొత్త ఆటలో మొదటి మెట్టు ఎక్కమంటే ఏ తండ్రి ఒప్పుకుంటాడు? అందుకే రాష్ట్ర క్రీడా ప్రాధికార సంస్థ (శాప్) చేయగలిగిన పని ఒకటుంది: సెలెక్షన్స్‌లో ఎంపికై ఆట మారిన పిల్లలకు, పాత ఆటలో సంపాదించిన సర్టిఫికెట్ విలువ కొన్నేళ్లపాటు కోటాలో అలాగే నిలిచేలా ప్రభుత్వంతో ఒక జీవో ఇప్పించడం.